చిలకలు వెళ్లిపోయాక వచ్చిన చుక్క

హలో, వినపడుతోందా అందరికీ? ఆఁ, నేనే, నరసరావుపేట నుంచి. అన్నాలు తిన్నారా? తినకపోతే కంచం ముందు పెట్టుకునే వినండి, నాకేం అభ్యంతరం లేదు. మొన్న రాకెట్టు లేచిన వీడియో మన గ్రూపులో పెడితే ఒక పిల్లాడు అడిగాడు, "బాబాయ్, అంత బరువు పైకి పోయి కిందెందుకు పడదు?" అని. నేను చదివింది తొమ్మిదో తరగతి. ఇంజనీర్లు చెప్పినట్టు నేను చెప్పలేను. కానీ మా అమ్మ చెప్పినట్టు చెప్పగలను. కాస్త పొడుగవుతుంది, ఓపిక పట్టండి.

అది 1957. నేను పుట్టడానికి పదకొండేళ్ల ముందు. కాబట్టి నేను కళ్లారా చూసింది కాదు. కానీ అమ్మ నోట ఎన్నిసార్లు విన్నానంటే, ఆవిడ చేను కాపలా కాసిన మంచెకున్న నాలుగు గుంజల్లో దేనికి చెద పట్టిందో కూడా చెప్పగలను. దక్షిణం వైపు దానికి.

మా ఊరు రొంపిచెర్లకి నాలుగు మైళ్లు. సాగర్ కాలవ ఇంకా రాలేదు. మాచర్ల అవతల డ్యాం పునాదులు తవ్వుతున్నారు, అంతే. మాకు పైనున్న మబ్బే దిక్కు. ఆ ఏడు మబ్బు మాట నిలబెట్టుకుంది. జొన్న మనిషెత్తు దాటి పెరిగింది. కంకులు పాలు పట్టి, గట్టిపడి, పిడికిళ్లంత అయ్యాయి. ఊళ్లో పెద్ద రైతు వెంకట్రామయ్యగారి ఎనిమిదెకరాల చేనుకి కాపలా మా తాత జక్కయ్యది. రాత్రిళ్లు అడివి పందుల్ని అదిలించడానికి తాత, పగలు పిట్టల్ని తోలడానికి అమ్మ. అమ్మ పేరు జ్ఞానమ్మ. అప్పటికి పద్దెనిమిదేళ్లు.

వడిసెల అంటే ఇప్పటి పిల్లలకి తెలియదు. రెండు నార తాళ్లు, మధ్యలో రాయి పట్టేంత అల్లిక. రాయి పెట్టి, తల చుట్టూ గిరగిరా తిప్పి, ఒక తాడు వదిలేస్తే రాయి బుయ్యిమంటూ పోతుంది. అమ్మ విసిరితే రాయి పిట్టకి తగిలేది కాదు. పిట్ట పక్కనున్న ఆకుకి తగిలేది. పిట్టని చంపకుండా భయపెట్టడమే పనితనం అని తాత నేర్పాడు. ఇంకోటి కూడా నేర్పాడు.

"మంచె మీద ఉన్నోడికి ముందూ ఎనకా ఉండవు జ్ఞానీ. నువ్వు ఒక దిక్కు చూస్తా కూచుంటే మూడు దిక్కులు దోచుకుపోతయి."

అందుకని అమ్మ మంచె మీద ఎప్పుడూ తిరుగుతూనే ఉండేది.

ఆ చేను గట్టునే వెంకట్రామయ్యగారి పాత గొడ్ల చావిడి. అందులోనే బడి. మిషన్ వాళ్లు ఒక మేష్టర్ని పంపారు, చోటు లేదంటే వెంకట్రామయ్యగారు ఆ చావిడి ఇచ్చారు. మేష్టరు పేరు మరియదాసు. ఇరవై నాలుగేళ్లవాడు. సన్నగా జొన్నకర్రలా ఉండేవాడు గానీ గొంతు మాత్రం గుడి గంట. ఆయన చావిట్లో పాఠం చెబితే అమ్మకి మంచె మీద వినపడేది. అమ్మ మూడో తరగతితో బడి మానేసింది, మానేసి మంచె ఎక్కింది. నాలుగూ అయిదూ మంచె మీదే చదివింది. కింద పిల్లలు పదమూడో ఎక్కం దగ్గర తడబడితే పైనుంచి జవాబు పడేది.

వెంకట్రామయ్యగారి భార్య మహాలక్ష్మమ్మగారు ఒకరోజు అటుగా పోతూ అడిగారట, "ఇరవైమంది పిలకాయలకి అంత గొంతు దేనికయ్యా పంతులూ? నరసరావుపేటకి వినపడాలనా?"

"అలవాటండీ," అన్నాడట మేష్టరు, పుస్తకంలోంచి తల ఎత్తకుండా.

అక్టోబరు నెలలో ఒకరోజు సుభానీ వచ్చాడు. సుభానీ సైకిల్ మీద గాజులూ రిబ్బన్లూ అమ్ముకుంటూ వారానికోసారి నరసరావుపేట నుంచి వచ్చేవాడు. మేష్టరి కోసం హోటల్లో చదివేసిన పేపర్లన్నీ పోగేసి తెచ్చేవాడు.

"మేష్టారూ, రష్యావోళ్లు చందమామని చేశారంట. మరి మన పాతది తీసేస్తారా?"

మేష్టరు ఆ పేపరు నిలబడే చదివాడు. రెండుసార్లు చదివాడు. తర్వాత చావిట్లోకి వెళ్లి ఎక్కాలు ఆపించి మొదలుపెట్టాడు. రష్యావాళ్లు రాకెట్టు అనే పెద్ద తారాజువ్వ లాంటి దాంతో ఒక లోహపు గుండుని ఆకాశంలోకి పంపారు, అది దాదాపు ఒక బస్తా బరువు, గంటన్నరకి కాస్త పైన పట్టే వేళకి భూమి మొత్తం చుట్టి వస్తోంది, కింద పడటం లేదు. దాన్ని చిన్న చంద్రుడు అంటున్నారు. గట్టిగా విసిరితే ఏదైనా అలా పడకుండా తిరుగుతూనే ఉంటుంది.

ఆ ఆఖరి మాటే కొంప ముంచింది.

సాయంత్రం బడి వదలగానే ఊళ్లో రాళ్ల వాన. పిల్లలందరూ గట్టిగా విసిరి చూస్తున్నారు. ఒక రాయి దానయ్య గేదె కొమ్ముకి తగిలింది. ఇంకొకటి, వెంకట్రామయ్యగారి సొంత మనవడు విసిరింది, అరుగు మీదున్న ఆవకాయ జాడీకి తగిలింది. ఏడాదికి సరిపడా ఆవకాయ నేలపాలు.

"తిరిగొచ్చిద్దని చూస్తన్నా తాతా," అన్నాడట వాడు, చెవి తాత చేతిలో ఉండగా.

మర్నాడు పొద్దున్నే వెంకట్రామయ్యగారు చావిడి గుమ్మంలో నిలబడ్డారు. అమ్మ మంచె మీద నుంచి అన్నీ వింటోంది. ఆయన అరిచే మనిషి కాదు. నెమ్మదిగా మాట్లాడతారు, ఆ నెమ్మదికే జనం భయపడేవాళ్లు.

"పంతులూ, జాడీ పోయింది, పోనీ. మామిడికాయ మళ్లీ కాసిద్ది. కానీ విసిరిన రాయి కింద పడదని నువ్వు చెప్పావంట గదా."

"చెప్పానండీ. చానా గట్టిగా విసిరితే."

"నాకు అరవై ఏళ్లు. పడని రాయిని నేను చూడలా. నువ్వు చూశావా?"

"లేదండీ. పేపర్లో చదివా."

"పేపర్లో ముక్కుపొడి దగ్గుకి మందని కూడా రాస్తారు. చూడు పంతులూ, నా చేను ఎప్పుడూ నాతో అబద్ధం ఆడలా. నా చావిట్లో బడి కూడా ఆడగూడదు. గురువారం జొన్న కోత. చొప్ప ఎక్కడ పెట్టాలా అని చూస్తన్నా. నీ చందమామని నాకు చూపిచ్చు, బడి ఉంటది. లేదంటే చావిట్లో చొప్ప ఉంటది."

మేష్టరు పేపరు చూపించాడు. సాయంత్రం పొద్దుగూకాక అది మన దేశం మీదుగా వెళ్లేటప్పుడు కంటికే కనపడుతోందని, కొన్ని ఊళ్లలో జనం చూశారని అందులో ఉంది.

"అయితే సోమారం సాయంత్రం ఊరంతా వచ్చిద్ది," అన్నారు వెంకట్రామయ్యగారు.

బడి లేకపోతే రొంపిచెర్లకి నడవాలి. మగపిల్లలు నలుగురైదుగురు నడుస్తారేమో. ఆడపిల్లల్ని ఎవరూ పంపరు. ఇక అమ్మ సంగతి. రొంపిచెర్ల బడి పాఠం మా మంచె మీదకి వినపడదు కదా.

సోమవారం సాయంత్రం చావిడి ముందు ఖాళీలో ఊరంతా చేరింది. మహాలక్ష్మమ్మగారు మధ్యాహ్నమే మేష్టరికి కబురు పెట్టారట, ఒక్కపొద్దు ఉండాలా, తిని రావచ్చా అని. క్రైస్తవుల పల్లె నుంచి మావాళ్లు తెల్లబట్టలు వేసుకుని వచ్చారు. సుభానీ ఆ రోజు ఊళ్లోనే ఆగిపోయి, జనం ఉన్నారు కదా అని పనిలో పని గాజులు కూడా అమ్మాడు.

ఇప్పుడు వినండి, అసలు సంగతి. ఊరివాళ్లందరూ తూర్పుకి తిరిగి కూర్చున్నారు. చందమామ అన్నారు గదా, పున్నమి చందమామ వచ్చేది తూర్పునే. మావాళ్లేమో అది చందమామ కాదు, చుక్క అన్నారు. చుక్క అయితే బైబిల్లో జ్ఞానులకి కనపడింది తూర్పునే. వాళ్లూ తూర్పుకే తిరిగారు. ఎప్పుడూ ఏ విషయంలోనూ కలవని రెండు వాడలూ ఆ ఒక్క సాయంత్రం ఒకే దిక్కుకి తిరిగి కూర్చున్నాయి. వాళ్లందరికీ ముందు, చేతులు వెనక్కి కట్టుకుని, మేష్టరు కూడా తూర్పుకే చూస్తున్నాడు.

అమ్మ మాత్రం మంచె మీదే ఉంది. తాత వచ్చేదాకా దిగకూడదు. చిలకల ఆఖరి గుంపు వెళ్లిపోయింది. పాడుబడ్డ బావిలోంచి గబ్బిలాలు లేస్తున్నాయి. అమ్మ అలవాటు ప్రకారం ఒక చుట్టు తిరిగింది. పడమర ఎరుపు ఆరుతోంది. వాయవ్యాన, దిబ్బ మీదున్న జంట తాటిచెట్ల మధ్యలోంచి ఒక చుక్క లేచింది.

చుక్కల్లా మిణుకుమనలేదు. విమానంలా చప్పుడు లేదు. నీళ్లబిందె నెత్తిన పెట్టుకున్న మనిషి నడిచినట్టు, తొణక్కుండా, నిదానంగా, ఆకాశం మధ్యకి నడిచి వచ్చింది.

"అదుగో, ఎనక్కి, ఎనక్కి చూడండి," అని అమ్మ అరిచింది.

పిట్టల్ని తోలే గొంతు కదా, జనం పిట్టలు వచ్చాయనుకున్నారు. ఎవరూ కదల్లేదు. మళ్లీ అరిచింది. ఒకళ్లిద్దరు తిరిగారు. వాళ్లు తిరిగేసరికి ఆ చుక్క సరిగ్గా నడినెత్తి దగ్గర, ఎవరో ఊదినట్టు ఆరిపోయింది.

"ఏది?"

"ఇప్పుడే పోయింది."

"పోయిన తరవాత చూపిచ్చే చందమామ మా ఇంట్లో కూడా ఉంది," అన్నాడు దానయ్య. అందరూ నవ్వారు.

వెంకట్రామయ్యగారు నవ్వలేదు. పంచె దులుపుకుని లేచారు. "మంచె ఎక్కితే అన్నీ కనపడతయి. గురువారం కోత పంతులూ. పలకలు సర్దుకో."

మంగళవారం ఎవరూ రాలేదు. అమ్మ ఒక్కతే చూసింది. ఆ రోజు గబ్బిలాలు లేవకముందే వచ్చింది. జంట తాళ్ల మధ్యలోంచి కాదు, ఎడమ తాడికి ఇవతల నుంచి. మళ్లీ అదే నడక. మళ్లీ నడినెత్తిన ఆరిపోయింది. అమ్మ మంచె కర్ర మీద నిన్నటి చోటుకొకటి, ఆ రోజుదానికొకటి గాటు పెట్టుకుంది, రెండు గాట్ల మధ్య దూరం జానతో కొలుచుకుంది.

బుధవారం మధ్యాహ్నం బడి వదిలాక మంచె దిగింది. మూడో తరగతి తర్వాత మళ్లీ ఆ గుమ్మంలో అడుగు పెట్టడం అదే. మరియదాసు మేష్టరు గోడ మీది పటాన్ని చుడుతున్నాడు.

"మేష్టరుగారూ."

ఆయన వెనక్కి తిరిగి, పటం చేతిలోంచి జారితే మళ్లీ పట్టుకున్నాడు.

"రెండుసార్లు చూశా. మొన్న, నిన్న. మీరందరూ తూర్పుకి చూస్తన్నారు. అది మీ ఈపు ఎనకనించి వస్తంది."

"ఏ పక్కనించి?"

"వాయవ్యం. ఇయ్యాల ఇంకా పెందలాడే వచ్చిద్ది. ఎడం తాడికి ఇంకొంచెం ఇవతల." జాన చూపించింది. "కానీ నడిమజ్జన ఆరిపోతంది. మబ్బు లేదు. ఎందుకు?"

మేష్టరు చుట్టిన పటం పక్కన పెట్టాడు. "దానికి సొంత దీపం లేదు జ్ఞానమ్మా. మనకి పొద్దుగూకినా, అంత ఎత్తున దానికి ఇంకా ఎండ తగులుతా ఉంటది. ఆ ఎండకి మెరిసిద్ది. తూర్పుకి పొయ్యేకొద్దీ భూమి నీడలోకి పోతది."

"అంటే దానికి అక్కడ చీకటి పడతంది."

"అవును."

అమ్మ తల ఊపింది. వెళ్లిపోబోయి ఆగింది. "ఇంకోటి. పడదని చెప్పారు గదా, నాకది నమ్మబుద్ధి కాలా. పదేళ్లనించి విసురుతున్నా. పడని రాయి లేదు."

ఆయన ఒక పలక తీసి గుండ్రంగా గీశాడు. ఆ గుండ్రం మీద చిన్న మంచె గీశాడు. సుద్దముక్కతో మంచె మీద నుంచి ఒక గీత గీసి కిందకి వంచాడు. "ఇది నువ్వు రోజూ విసిరే రాయి." ఇంకొంచెం దూరంగా ఇంకో గీత వంచాడు. "ఇది ఇంకా గట్టిగా విసిరితే." మూడోది గీయబోతుంటే అమ్మ చెయ్యి చాపింది. ఆయన సుద్దముక్క ఇచ్చేశాడు.

అమ్మ మూడో గీత మొదలుపెట్టింది. గీత వంగుతోంది, కింద గుండ్రం కూడా వంగుతోంది. గీత దిగేకొద్దీ గుండ్రం జారిపోతోంది. అమ్మ చెయ్యి ఆగకుండా చుట్టూ తిరిగి మళ్లీ మంచె దగ్గరికి వచ్చింది.

సుద్దముక్క తిరిగి ఆయన చేతిలో పెట్టింది.

"పడకపోవటం కాదు," అంది అమ్మ. "పడతానే ఉంది. నేలే అందట్లా."

"నేను పిల్లలకి ఇట్టా చెప్పి ఉండాల్సింది," అన్నాడు మేష్టరు.

ఆ సాయంత్రం అమ్మే వెంకట్రామయ్యగారి ఇంటికి వెళ్లింది. అరుగు కింద నిలబడి చెప్పింది. "పెద్దయ్యా, రేపు కోత. మంచె ఉండేది ఇయ్యాల ఒక్కరోజే. ఒక్కసారి ఎక్కండి."

"నేనా, మంచె ఎక్కేది?"

"ఎక్కితే అన్నీ కనపడతయని మీరే అన్నారు."

మహాలక్ష్మమ్మగారు లోపల్నుంచి నవ్వారు. ఆయనకి ఇక తప్పలేదు.

వెంకట్రామయ్యగారు భారీ మనిషి. నిచ్చెన ప్రతి మెట్టుకీ ఒక మూలుగు మూలిగింది. కింద మేష్టరు నిచ్చెన పట్టుకున్నాడు. పక్కన మహాలక్ష్మమ్మగారు.

"ఇరిగితే కొత్త నిచ్చెన మిషనోళ్లు ఇస్తారా పంతులూ?" అన్నారావిడ.

"రాసి అడుగుతానండీ."

"కొత్త మొగుణ్ణి కూడా రాయి, పన్లో పని."

పైకెక్కి ఆయన కాసేపు ఆయాసం తీర్చుకున్నారు. తన చేను అంతా అంత ఎత్తు నుంచి ఆయన ఎన్నో ఏళ్లుగా చూడలేదు. కంకుల మీద సాయంత్రం ఎండ పరుచుకుని ఉంది. "బాగానే పండింది," అని తనలో తను అనుకున్నారు. అప్పుడు అమ్మ వడిసెల తీసింది.

"చూడండి పెద్దయ్యా." ఒక రాయి విసిరింది. చేను మధ్యలో పడింది. ఇంకా గట్టిగా తిప్పి రెండోది విసిరింది. గట్టు అవతల పడింది. "నా చేతిలో ఉన్న బలం అంతే. ఇంకా బలం ఉంటే నకరికల్లులో పడిద్ది. ఇంకా ఉంటే అచ్చంపేట దాటి కృష్ణలో పడిద్ది. ఇంకా ఉంటే సముద్రంలో. ఇంకా, ఇంకా ఉంటే?"

"ఎక్కడో చోట పడిద్ది గదే."

"భూమి గుండ్రంగా ఉందంట గదా. రాయి వంగి పడేలోపు నేల కూడా వంగి తప్పుకుంటది. పడతానే ఉంటది పెద్దయ్యా. నేల దొరకదు. పడతా పడతా చుట్టు తిరిగొస్తది."

ఆయన మీసం దువ్వుకున్నారు. "నేల తప్పుకుంటది," అని మెల్లగా అనుకున్నారు. "సరేలే. అంత ఇసురు ఎవడిస్తాడు? భీముడా?"

కింద నుంచి మేష్టరు చెప్పాడు. రాకెట్టు లోపల మందు మండి కిందకి తన్నుతుంది, ఆ తన్నుకి అది పైకి లేస్తుంది, తారాజువ్వ లాగే. ముందు నిటారుగా లేచి గాలి పల్చబడే దాకా పోతుంది. తర్వాత మెల్లగా పక్కకి ఒరుగుతుంది. ఎందుకంటే పైకి పోవడం ఒక్కటే చాలదు, పక్కకి దూసుకుపోతేనే నేల తప్పుకుంటుంది. కానీ అంత మందు మోయడమే దానికి బరువు. అందుకని అయిపోయిన గొట్టాల్ని అయిపోయినట్టే విడిచేస్తుంది.

"ఆగు ఆగు," అన్నారు వెంకట్రామయ్యగారు. మంచె అంచుకి జరిగి కిందకి వంగారు. మంచె కిర్రుమంది. "నిటారుగా నిలబడతదంటివి. ఎంత ఎత్తు?"

"తొంభై అడుగులపైనే ఉంటదంట."

"మన కోటప్పకొండ ప్రభ," అన్నారాయన. శివరాత్రికి మా వైపు వెదురుతో కట్టి, రంగుబట్టలు చుట్టి, ఎడ్లతో కొండకి లాక్కుపోయే ఆ ఎత్తైన ప్రభల్లో మా ఊరి ప్రభ ఆయన చేతి మీదే కదిలేది. "వాగు దగ్గర ఇసకలో ప్రభ కదలదు. అప్పుడు ముందు ఇంకో నాలుగు జతలు కడతాం. వాగు దాటగానే ఇప్పేస్తాం. దాటినాక కూడా ఆ జతలుంటే మేతా దండగ, అడ్డం కూడా. అదేనా నువ్వు చెప్పేది?"

"అదేనండీ," అన్నాడు మేష్టరు. "అచ్చం అదే."

"మరి ఇది ముందే చెప్పొచ్చు గదయ్యా. రాయి, రాయి అని నా జాడీ పగలగొట్టిచ్చావు."

ఎండ పోయింది. చిలకల ఆఖరి గుంపు వెళ్లిపోయింది. అమ్మ ఎడమ తాడి వైపు చూపించింది. చూశారు. ఏమీ లేదు. ఇంకాసేపు చూశారు. గబ్బిలాలు ఇంకా లేవలేదు. పడమర ఎరుపు పల్చబడింది. ఒక మామూలు చుక్క మొలిచింది, అది కదల్లేదు. వెంకట్రామయ్యగారి మోకాళ్లు పట్టేశాయి.

"సరేలేవే. చెప్పింది బాగుంది, అబద్ధమైనా అందంగా ఉంది. దిగుతా." ఆయన వెనక్కి తిరిగి నిచ్చెన మీద కాలు పెట్టారు. ఒక మెట్టు దిగారు. రెండో మెట్టు దిగారు. ఆయన తల మంచె అంచుకి సమానంగా వచ్చింది.

"పెద్దయ్యా," అంది అమ్మ. అరవలేదు ఈసారి.

ఎడమ తాడికి ఇవతల, జాన కూడా తేడా లేకుండా, వచ్చింది.

ఆయన దిగలేదు, ఎక్కలేదు. రెండు చేతులా నిచ్చెన పట్టుకుని, మెడ మాత్రం తిప్పుతూ, అది వాయవ్యం నుంచి నడినెత్తికి వచ్చేదాకా చూశారు. కింద మహాలక్ష్మమ్మగారు కొంగు నోటికి అడ్డం పెట్టుకున్నారు. మేష్టరు నిచ్చెన వదలకూడదు కాబట్టి తల ఒక్కటే ఎత్తి చూశాడు. అప్పటిదాకా ఆయన కూడా చూడలేదు కదా.

నడినెత్తిన ఆరిపోయింది.

"దానికి చీకటి పడింది," అంది అమ్మ.

వెంకట్రామయ్యగారు ఇంకో మూడు మెట్లు దిగి, నేల మీద కాలు పెట్టి, అది నిజంగా ఉందో లేదో అన్నట్టు ఒకసారి తొక్కి చూసుకున్నారట. తర్వాత కండువా దులుపుకుని అన్నారు, "పంతులూ, రేపు చొప్ప బయటే వామి ఎయ్యమని జక్కయ్యకి చెప్పు. ఇప్పట్లో వాన లేదులే."

అంతే. బడి ఉంటుందని ఆయన చెప్పలేదు. చెప్పాల్సిన పని లేకపోయింది.

ఇక్కడితో అయిపోయిందనుకుంటారు. కాలేదు. పది రోజుల తర్వాత, ఊరంతా జొన్న కళ్లాల్లో ఉన్నప్పుడు, సుభానీ మళ్లీ పేపర్లు తెచ్చాడు. ఒకదాంట్లో ఉంది: ఆ గుండు మరీ చిన్నది, కంటికి ఆనదు. జనం చూస్తున్నది గుండుని కాదు, దాన్ని మోసుకెళ్లిన రాకెట్టు ఆఖరి భాగాన్ని. అది కూడా వెనకే తిరుగుతోంది.

మేష్టరు ఆ ముక్కని చావిడి ముందుగా పోతున్న అమ్మకి చూపించాడు. "జ్ఞానమ్మా, మనం ఆయనకి చూపిచ్చింది చందమామ కాదు."

"ఎవరికి తెలుసు?" అన్నాడు సుభానీ. "నేను పేపరు తేలేదనుకో మేష్టారూ. దీంట్లో గాజులు చుట్టుకుంటా."

మేష్టరు అమ్మ వైపు చూశాడు. అమ్మ కొంగు బిగించి కళ్లం వైపు నడిచింది. ఆయన పేపరు పట్టుకుని వెనకే నడిచాడు.

వెంకట్రామయ్యగారు జొన్నరాశి పక్కన మంచం మీద కూర్చుని ఉన్నారు. మేష్టరు నిలబడి మొత్తం చదివాడు. చదివి, "పొరపాటయిందండీ. చావిడి సంగతి మీ ఇష్టం," అన్నాడు.

ఆయన రాశిలోంచి గుప్పెడు జొన్నలు తీసి వేళ్ల మధ్యలోంచి జారవిడిచారు.

"అంటే ప్రభని వదిలేసినాక ఆఖరి జత ఇంటికి రాలా."

"రాలేదండీ."

"ఇప్పేసినా ప్రభ ఎనకమాలే తిరుగుతా ఉంది."

"అవునండీ."

అప్పుడు నవ్వారట వెంకట్రామయ్యగారు. మంచం ఊగింది. "నా ఎడ్లలో ఒక్క జతకన్నా ఆ ఇశ్వాసం ఉంటే ఎంత బాగుండు. కూచో పంతులూ. ఈ మాట దాచిపెట్టి ఉంటే చావిడి ఖాళీ చేయిచ్చేవాణ్ణి." నవ్వు ఆపి, మా తాతని పిలిచారు. "ఒరేయ్ జక్కయ్యా, మంచె పీకేశాం గదా. రేపటినించి నీ కూతుర్ని బడి లోపలే కూచోబెట్టు. పైనించి జవాబులు పడుతుంటే పంతులికి మెడ నొప్పంట."

"నేను మెడ నొప్పని చెప్పలేదండీ," అన్నాడు మేష్టరు.

"నువ్వు చెప్పలా. మా ఇంట్లోది చెప్పింది," అన్నారాయన.

అమ్మ పద్దెనిమిదేళ్ల మనిషి, పదేళ్ల పిల్లల మధ్య వెనక బల్ల మీద కూర్చుని చదివింది. ఎనిమిదో తరగతి పబ్లిక్ పరీక్ష ప్రైవేటుగా రాసి ప్యాసయింది. టీచర్ ట్రైనింగుకి ఊరు వదిలి వెళ్లింది. మహాలక్ష్మమ్మగారు ఒక జాడీ నిండా ఆవకాయ పెట్టి పంపారు. కొత్త జాడీ.

అమ్మని చదివించి, పరీక్ష కట్టించి, బస్సు దాకా పెట్టె మోసి పంపిన మరియదాసు మేష్టరు పని అక్కడితో అయిపోవాలి. అమ్మకి ఉద్యోగం రొంపిచెర్లలో వస్తే ఆయనా బదిలీ అడిగి రొంపిచెర్ల వచ్చాడు. అమ్మకి నకరికల్లు వేస్తే ఆయనా నకరికల్లు వచ్చాడు. మధ్యలో ఎక్కడో చర్చిలో పెళ్లయింది, నేనూ పుట్టాను. ఇద్దరు టీచర్లకి పుట్టి తొమ్మిదితో ఆపేశావేందిరా అని ఇప్పటికీ అడుగుతారు నన్ను. అన్ని రాళ్లూ ఆకాశంలో తిరగవు కదండీ.

ఆ రష్యా రాకెట్టు ముక్క ఆ ఏడు డిసెంబరుకల్లా గాలిలోకి దిగి కాలిపోయిందట. గుండు జనవరిలో. పేపర్లో చదివి అమ్మ రెండు రోజులు దిగులుగా ఉందట. పైన అంత ఎత్తున కూడా కాస్త గాలి ఉంటుంది, తగిలి తగిలి వేగం తగ్గుతుంది, వేగం తగ్గితే నేల అందుతుంది.

మా నాన్న మాత్రం నలభై మూడేళ్లు తిరిగాడు. ఆఖరి రోజుల్లో ఆయనకి చెవులు వినపడేవి కావు. అమ్మ గట్టిగా మాట్లాడాల్సి వచ్చేది. ఒకరోజు పక్కింటావిడ అడిగింది, "ఎందుకు టీచరుగారూ అంత గొంతు?" అని. అమ్మ నాన్న వంక చూసి చెప్పింది, "అలవాటండీ."

ఆయనకి వినపడలేదనుకున్నాం. నవ్వాడు.

సరే, నా కంచం ఎండిపోయింది. ఆ ప్రశ్న అడిగిన పిల్లాడికి ఇది వినిపించండి. వాళ్ల క్లాసులో ఇంకొకడికి చెప్పమనండి, వాడు ఇంకొకడికి. రొంపిచెర్ల దాటాలి, కృష్ణ దాటాలి. మీ చేతిలో ఉన్నంత బలంతో విసరండి, నేల అందకుండా చూసుకోండి. ఉంటాను మరి.